ట్రాక్ చేతికొస్తే హిప్‌హాప్ నాటకం అయిపోయినట్టేనా? కొన్ని అపోహలు, వాస్తవాలు

"పాటలన్నీ రికార్డయిపోయాయి అక్కా. ఇంక స్టేజీ ఎక్కడమే."

ర్యాప్‌తో, బీటుతో, డాన్సుతో కథ చెప్పేదే హిప్‌హాప్ నాటకం. న్యూజెర్సీలో హైస్కూలు పిల్లలతో, కాలేజీ వాళ్ళతో అలాంటివి తయారుచేయించడం నా పని. ప్రతి సీజన్‌లోనూ ఏదో ఒక బృందం ఈ మాట అంటుంది. హైదరాబాద్ నుంచి సలహా కోసం ఫోన్ చేసేవాళ్ళదీ ఇదే మాట. అంత సంబరంగా చెబుతుంటే కాదనడానికి మనసొప్పదు. కానీ అప్పటికే ఉన్న డబ్బంతా స్టూడియోకి పోసేసి ఉంటారు, రిహార్సల్‌కి మిగిలేది రెండు మూడు వీకెండ్లు. అందుకే ఈ ఒక్క అపోహ గురించి వివరంగా రాస్తాను. మిగతావి దీని ముందు చిన్నవి.

అపోహ: ట్రాక్ రెడీ అయితే ముప్పాతిక నాటకం రెడీ

వాస్తవం: ట్రాక్ రెడీ అయితే ట్రాక్ రెడీ అయినట్టు, అంతే. నాటకం ఇంకా మొదలే కాలేదు.

హిప్‌హాప్ ఇక్కడే పుట్టిందంటారు: 1973 ఆగస్టు 11న న్యూయార్క్‌లోని బ్రాంక్స్‌లో, 1520 సెడ్జ్‌విక్ అవెన్యూ అపార్ట్‌మెంట్ కింద ఉన్న హాల్లో సిండీ క్యాంప్‌బెల్ అనే అమ్మాయి బడులు తెరిచే ముందు ఒక పార్టీ పెట్టింది. రికార్డులు వేసింది వాళ్ళన్నయ్య కూల్ హెర్క్. ఈ సంగతి అందరికీ తెలుసు. హెర్క్ కనిపెట్టిన పద్ధతి ఎక్కడి నుంచి వచ్చిందో మాత్రం ఎక్కువమంది పట్టించుకోరు. పాటలో మిగతా వాద్యాలు ఆగి డ్రమ్స్ ఒక్కటే మోగే ముక్క కోసం డాన్సర్లు కాచుక్కూర్చోవడం ఆయన చూశాడు. బ్రేక్ అనే ఆ ముక్క కొన్ని సెకన్లే. దాంతో అదే రికార్డు రెండు కాపీలు రెండు టర్న్‌టేబుల్స్ మీద పెట్టి, ఒకదాని తర్వాత ఒకటిగా ఆ బ్రేక్‌నే సాగదీశాడు. అంటే సంగీతం నేల మీదున్న మనుషుల్ని చూసి నడిచింది. హిప్‌హాప్ పుట్టుకే అది. లాప్‌టాప్‌లో ప్లే నొక్కి, దాని వెనకాల నటులు పరిగెత్తితే వ్యవహారం తలకిందులైనట్టే.

లెక్క చూడండి. టెంపో 96 (నిమిషానికి 96 దెబ్బలు) ఉంటే ఒక బార్, అంటే నాలుగు దెబ్బలు, రెండున్నర సెకన్లు. పదహారు బార్ల వర్స్ (చరణం) నలభై సెకన్లలో అయిపోతుంది. ప్రేక్షకులు ఐదు సెకన్లు నవ్వారంటే రెండు బార్లు పోయినట్టే.

మాకు దగ్గర్లోనే ఒక తెలుగు సంఘం ఉగాది కార్యక్రమంలో ఇది కళ్ళారా చూశాను. ఇక్కడ ఉద్యోగం పోయిన అన్నయ్య ఆ సంగతి గుంటూరులో ఉన్న అమ్మకి తెలియకుండా నెట్టుకొస్తుంటాడు, అదీ కథ. అమ్మ వీడియో కాల్ చేసినప్పుడల్లా "తిన్నావా?" అని అడగడం మీద ఒక లైను ఉంది. హాలంతా ఒక్కసారిగా నవ్వింది. ఆ పాత్ర వేసిన కుర్రాడు మంచి నటుడు, నవ్వు తగ్గేదాకా ఆగాడు. ట్రాక్ ఆగలేదు. ఉద్యోగం పోయిందని చెప్పే రెండు లైన్లు ఆ నవ్వులోనే కలిసిపోయాయి. తర్వాత ట్రాక్‌ని అందుకోవడానికి అతను సగం మాటలు మింగేశాడు. అన్నయ్య ఎందుకు దాక్కుంటున్నాడో హాల్లో ఎవరికీ చివరిదాకా అర్థం కాలేదు. తెర వెనక్కి వచ్చి "నేనే పాడుచేశాను అక్కా" అని ఏడ్చాడు. అతని తప్పు ఇసుమంత కూడా లేదు. నవ్వు విని ఆగడమే నటుడు చేయాల్సిన పని, అది అతను చేశాడు. ఆ రాత్రి అక్కడ లేనిది, నటుణ్ణి చూసి సంగీతం నడిపే డీజే.

ఈ రంగంలో పేరున్న కొన్ని నాటకాలు చూడండి, సంగీతాన్ని ప్రాణంతో ఉంచుకున్నవే. ఫిలడెల్ఫియాలో రెనీ హారిస్ డాన్స్ బృందం 2000లో రోమియో జూలియట్ కథని 'రోమ్ అండ్ జ్యూయెల్స్'గా చేసినప్పుడు డీజేలు స్టేజీ మీదే ఉన్నారు. 2006లో న్యూయార్క్ థియేటర్ వర్క్‌షాప్‌లో విల్ పవర్ అనే రచయిత 'ది సెవెన్' ఆడించాడు. ఈస్కిలస్ గ్రీకు నాటకం, ఈడిపస్ కొడుకులు సింహాసనం కోసం కొట్టుకు చచ్చే కథ. అందులో కథ నడిపించే పాత్రే డీజే. ఇక అమెరికా చరిత్ర మీద వచ్చిన ర్యాప్ నాటకం 'హామిల్టన్' ట్రాక్ మీద నడుస్తుందనుకునేవాళ్ళు నాకు చాలామంది తగిలారు. న్యూయార్క్‌లో పెద్ద థియేటర్లుండే బ్రాడ్‌వేలో దాని ప్రతి ప్రదర్శనకీ పదిమంది వాద్యకారులు కూర్చుని వాయిస్తారు. కంప్యూటర్ శబ్దాలు ఉన్నా, వాటిని కూడా ఆ పూట నడకకి తగ్గట్టు వదులుతారు.

"మాకు డీజేని పెట్టుకునే స్తోమత లేదక్కా" అంటారు. టర్న్‌టేబుల్స్ లేకపోయినా ఫరవాలేదు. లాప్‌టాప్, ఒక ప్యాడ్ కంట్రోలర్ (నొక్కితే సంగీతం ముక్క మోగే బటన్ల పెట్టె), చెవి బాగున్న మనిషి ఒకరు చాలు. పాటని మొదటి నుంచి చివరి దాకా ఒకే ఫైలుగా పెట్టుకోకండి. నాలుగు బార్ల లూపులుగా, అంటే ఎన్నిసార్లయినా తిరిగి మోగేలా, ముక్కలు చేయండి: నటుడు మాట్లాడుతున్నంతసేపూ తిరుగుతూ ఉండేది ఒకటి, వర్స్ కింద పరిచేది ఒకటి, ఠక్కున ఆపేది ఒకటి. ఏబుల్టన్ లైవ్ అనే సంగీతం సాఫ్ట్‌వేర్‌లో లాంచ్ క్వాంటైజేషన్ అనే సెట్టింగ్ ఒక బార్‌కి పెట్టుకుంటే, ప్యాడ్ కాస్త ముందే నొక్కినా తర్వాతి ముక్క సరిగ్గా బార్ మొదట్లోనే అందుకుంటుంది. తాళం తప్పుతుందన్న భయం అక్కర్లేదు. ప్యాడ్ నొక్కే ఆపరేటర్‌ని హాలు చివర సౌండ్ డెస్క్ దగ్గర కూర్చోబెట్టకండి. నటుడి నోరు కనపడే చోట, వీలైతే స్టేజీ మీదే ఒక పక్కన ఉంచండి. క్యూ షీట్‌లో (ఏది ఎప్పుడు మోగించాలో రాసుకునే కాగితం) "2 నిమిషాల 14 సెకన్లు" అని రాయొద్దు, "తిన్నావా అన్నాక, నవ్వు తగ్గాక" అని రాయండి.

ఇప్పటికే రికార్డు చేయించుకున్నవాళ్ళు టెన్షన్ పడకండి, మీ డబ్బు వృథా కాలేదు. స్టూడియోని స్టెమ్స్ అడగండి. డ్రమ్స్, బేస్, కీబోర్డ్ విడివిడి ఫైళ్ళుగా ఇస్తారు. వాటి నుంచే లూపులు కోసుకోవచ్చు. మీరు పాడిన గొంతు ట్రాక్ మాత్రం తీసేయండి. వేదిక మీద దానికి పెదాలు కదిపితే, వెనక వరసలో కూర్చున్న అమ్మమ్మ కూడా పట్టేస్తుంది.

అపోహ: ఎంత స్పీడుగా పాడితే అంత గొప్ప

స్పీడు హెడ్‌ఫోన్లలో బాగుంటుంది. కమ్యూనిటీ హాల్లో గోడల నుంచి తిరిగొచ్చే మోత మాటల్ని ముద్ద చేసేస్తుంది. హాలు పెద్దదైన కొద్దీ నిదానించాలి. స్పీడుకి కథలో కారణం కూడా ఉండాలి. 'హామిల్టన్'లో లఫాయెట్ అనే ఫ్రెంచి పాత్ర మొదట్లో ఇంగ్లిష్ మాటల కోసం తడుముకుంటాడు. యుద్ధం దగ్గరకొచ్చేసరికి అతనిదే నాటకం మొత్తంలో అన్నిటికన్నా వేగమైన ర్యాప్. ఆ మనిషి ఎంత ఎదిగాడో ఆ వేగమే చెబుతుంది. అలాంటి కారణం మీ పాత్రకి ఉంటే పరిగెత్తించండి, లేకపోతే వద్దు.

అపోహ: లైను చివర కలిస్తే ర్యాప్, తెలుగులో అది సులువు

సులువే, చిక్కంతా అక్కడే ఉంది. మన క్రియలు చాలావరకు ఒకేలా ముగుస్తాయి. "పొద్దున్నే లేచాడు, బయటికి వెళ్ళాడు, బస్సు ఎక్కాడు, ఊరు చేరాడు" అని పేజీలు నింపొచ్చు. నాలుగో లైనుకి చెవి నిద్రపోతుంది. నా దగ్గరకొచ్చే స్క్రిప్టుల్లో సగానికి సగం ఇలాగే ఉంటాయి. పద్యం చదివినవాళ్ళకి దీని మందు తెలుసు. రెండో అక్షరం దగ్గర ప్రాస పట్టుకోండి. వర్క్‌షాపులో పిల్లలకి నేను రాసిచ్చేది ఇది:

అద్దె కట్టే తారీఖు, పొద్దు గుంకిన వీధి
సద్దుమణగని గుండె, ముద్ద దిగని గొంతు

చివరలు ఎక్కడా కలవలేదు. అయినా బీటు మీద చదివి చూడండి, ఆ 'ద్ద' డ్రమ్ సెట్‌లో స్నేర్ డ్రమ్ దెబ్బ లాగా పడుతుంది. ఒక అమ్మాయి ఇంటికెళ్ళి వాళ్ళ తాతయ్యకి ఫోన్లో ఇది వినిపిస్తే, ఆయన అప్పటికప్పుడు ఫోన్లోనే ఇంకో ఎనిమిది లైన్లు అల్లి పంపారట. అందులో రెండు లైన్లు నాటకంలో పెట్టుకున్నాం.

అపోహ: బుర్రకథే మన ర్యాప్, కొత్తగా నేర్చుకునేదేముంది

పెద్దవాళ్ళు ప్రేమతో అనే మాట ఇది. ఆ ప్రేమ నాకూ ఉంది. తంబుర పట్టిన కథకుడు, ఒక పక్క హాస్యం, ఇంకో పక్క రాజకీయం, మధ్యలో 'తందాన తాన'. ఒక కథని జనంలోకి ఎలా తీసుకెళ్ళాలో దాన్ని చూసి ఎంతైనా నేర్చుకోవచ్చు. మీ నాటకంలోకి బుర్రకథని తెచ్చుకోండి, కానీ బుర్రకథగానే తెచ్చుకోండి, అది వచ్చినవాళ్ళ దగ్గర నేర్చుకుని తెచ్చుకోండి. హిప్‌హాప్ మాత్రం బ్రాంక్స్‌లోని నల్లజాతి, కరీబియన్, ప్యూర్టోరికన్ పిల్లలు, వాళ్ళ పేటలు తగలబడిపోతున్న రోజుల్లో తయారుచేసుకున్నది. రెండూ ఒకటేనంటే ఇద్దరి కష్టాన్నీ చెరిపేసినట్టే.

దీనికి సరిగ్గా ఎదురు అపోహ కూడా ఉంది: ఆ పిల్లల యాస, చేతులు తిప్పే తీరు అనుకరిస్తేనే అసలైన హిప్‌హాప్ అని. దీన్ని నేను రిహార్సల్ హాల్లో మొదటి గంటలోనే ఆపేస్తాను. నల్లజాతి వాళ్ళు తమలో తాము వాడుకునే 'ఎన్' మాటని మన పిల్లలు గొప్ప కోసం నోట పలకడం నా ముందు ఎప్పటికీ కుదరదు. న్యూజెర్సీ ఎడిసన్‌లో పెరిగిన పిల్ల ఎడిసన్ గొంతుతో, నల్లగొండ నుంచి ఎమ్మెస్‌కి వచ్చిన అబ్బాయి నల్లగొండ యాసతో మాట్లాడితేనే ఈ కళ ఒప్పుకుంటుంది.

ఇంకొన్ని, త్వరగా

"హిప్‌హాప్ నాటకం హామిల్టన్‌తో మొదలైంది." కాదు. డానీ హాక్ న్యూయార్క్‌లో హిప్‌హాప్ థియేటర్ ఫెస్టివల్ మొదలుపెట్టింది 2000లో. లండన్ శాడ్లర్స్ వెల్స్ థియేటర్‌లో జోంజీ డి 'బ్రేకిన్ కన్వెన్షన్' అనే హిప్‌హాప్ డాన్స్ పండగ 2004 నుంచి నడుపుతున్నాడు. ర్యాప్ ఉన్న 'ఇన్ ది హైట్స్' నాటకానికి టోనీ అవార్డు వచ్చింది 2008లో. 'హామిల్టన్' 2015 నాటిది.

"ర్యాప్ అంటే బూతులు కదమ్మా, పిల్ల పాడైపోతుందేమో." ఈ భయం నాకు అర్థమవుతుంది. రిహార్సల్‌కి వచ్చి కూర్చోండి, తలుపు తెరిచే ఉంటుంది. మేం రాసే ప్రతి లైనూ మీరు చదవొచ్చు.

"మా వాడికి ర్యాప్ రాదు, అయితే వీలుకాదేమో." 'రోమ్ అండ్ జ్యూయెల్స్'లో కథ చాలావరకు డాన్సే చెబుతుంది. జ్యూయెల్స్ పాత్ర స్టేజీ మీద అసలు కనిపించదు కూడా. బీట్‌బాక్స్ చేసేవాళ్ళు, గోడ మీద బొమ్మ గీసేవాళ్ళు, ప్యాడ్ నొక్కేవాళ్ళు, అందరూ కావాలి. నోరు మెదపని ఒక అబ్బాయి ఇప్పుడు మా బృందంలో అందరికన్నా నమ్మకమైన ఆపరేటర్. నటుల ఊపిరి అతనికి తెలుసు.

"బి-బాయ్‌లు (బ్రేక్ డాన్సర్లు) ఎక్కడైనా డాన్స్ చేస్తారు." చేస్తారు, మణికట్లూ మోకాళ్ళూ పోగొట్టుకుంటారు. కాంక్రీటు మీద నేరుగా ఫ్లోర్‌వర్క్ (చేతులూ వీపూ నేలకి ఆనించి చేసే డాన్స్) చేయించకండి. కింద కాస్త ఒదిగే చెక్క, పైన బిగుతుగా పరిచిన వినైల్, అంచులన్నీ టేపు వేసి ఉండాలి. కార్పెట్ అయితే చర్మం లేచిపోతుంది. మైకు వైర్లు డాన్స్ చేసే మేర లేకుండా చూడండి. మన కార్యక్రమాల్లో ఇంకో ప్రమాదం ఉంది. మన ఐటమ్‌కి ముందు పుష్పాంజలి ఉంటే స్టేజీ నిండా పూరేకులు ఉంటాయి. తడి చామంతి రేకు మీద చెయ్యి జారిందంటే విండ్‌మిల్ (వీపు, భుజాల మీద దొర్లుతూ గిరగిరా తిరగడం) మధ్యలో మనిషి భుజం మీద పడతాడు. చీపురు మీరే తీసుకెళ్ళండి. ఊడ్చేదాకా ప్రోగ్రామ్ ఆపమని నిర్వాహకుల్ని అడగడానికి మొహమాటపడకండి.

"యూట్యూబ్‌లో ఫ్రీ బీట్ అని రాసుంది." కింద వివరాలు మొత్తం చదవండి. చాలాసార్లు డబ్బు రాని వాడకానికి, అదీ పేరు వేస్తేనే ఫ్రీ. టికెట్ పెట్టారంటే లీజు, అంటే వాడుకునే అనుమతి, కొనాలి. ఆ లీజు కొన్నా, బీట్‌లో పాత పాట శాంపిల్ (అందులోంచి కోసిన ముక్క) ఉంటే దాని హక్కు వేరు. బీట్ అమ్మినవాడి దగ్గర లేని హక్కు మీకు రాదు. అడక్కుండా శాంపిల్ తీసుకోవడం కుదరదని 1991లోనే న్యూయార్క్ కోర్టు ఒక రాపర్ కేసులో కుండబద్దలు కొట్టింది. "హాలుకి మ్యూజిక్ లైసెన్స్ ఉంది కదా" అంటారు. అది మామూలుగా పాటలు వేసుకోవడానికి. అదే పాటని కథలో భాగంగా నాటకంలో వాడితే ఆ లైసెన్స్ చాలదు, పాట హక్కుదారులతో విడిగా మాట్లాడుకోవాలి. బీట్ చేసిన వాళ్ళకి ఒక ఈమెయిల్ పెట్టండి: నాటకం పేరు, ఎన్ని ప్రదర్శనలు, టికెట్ ఎంత, రికార్డింగ్ ఆన్‌లైన్‌లో పెడతారా లేదా, శాంపిల్ ఏమైనా ఉందా. జవాబు రాతలో వచ్చాకే పోస్టర్ ప్రింటుకి పంపండి.