పచ్చజెండా తర్వాత ఏం జరగాలి: నగర పరుగు వెనక నూరేళ్లు దాటిన కథ

విజయవాడలో పరుగులకు కొదవ లేదు. జూన్ 23 వస్తే ఒలింపిక్ డే రన్, ఆగస్టు 29 వస్తే జాతీయ క్రీడా దినోత్సవం, అక్టోబర్ 31 వస్తే యూనిటీ రన్, డిసెంబర్ 1 వస్తే ఎయిడ్స్ అవగాహన ర్యాలీ. పొద్దున్నే స్కూలు పిల్లలు, ఎన్‌సీసీ కేడెట్లు, పోలీసులు పోగవుతారు. టీషర్టులు పంచుతారు, ముఖ్య అతిథి మాట్లాడతారు, పచ్చజెండా ఊపుతారు. ముందు వరుస బ్యానర్ పట్టుకుని నడుస్తుంది కాబట్టి పరుగెత్తాలని వచ్చినవాళ్లు కూడా దాని వెనకే నడవాల్సి వస్తుంది. ఎవరు ఎంత సేపట్లో వచ్చారో చాలాసార్లు ఎక్కడా రాసి ఉండదు. 2కే అన్న దూరం నిజంగా రెండు కిలోమీటర్లేనా అని ఎవరూ కొలవరు.

గత కొన్నేళ్లలో టెన్‌కే, హాఫ్ మారథాన్ పేర్లతో సీరియస్ పరుగులు కూడా ఊళ్లో జరిగాయి. ప్రాక్టీస్ చేసేవాళ్లు పెరిగారు. తెల్లవారుజామున ఘాట్ల వెంబడి, బీఆర్‌టీఎస్ రోడ్డు మీద చూస్తే తెలుస్తుంది. అయినా ఫలానా ఆదివారం అనగానే ఊరందరికీ గుర్తొచ్చే పరుగు ఒక్కటీ ఇంకా స్థిరపడలేదు. ఏడాదికోసారి జరిగే నగర పరుగు మిగతా చోట్ల ఎలా నిలబడిందో చూస్తే మనకేం తక్కువైందో అర్థమవుతుంది.

1896లో ఏథెన్స్‌లో తొలి ఆధునిక ఒలింపిక్స్ జరిగాయి. గ్రీకు యువకుడు స్పిరిడాన్ లూయిస్ మారథాన్ గెలిచాడు. అమెరికా నుంచి వెళ్లిన జట్టులో ఎక్కువమంది బోస్టన్ అథ్లెటిక్ అసోసియేషన్ వాళ్లే. ఆ పరుగు చూసి ముచ్చటపడి, మరుసటి ఏడాది ఏప్రిల్ 19న సొంత ఊళ్లో ఒకటి పెట్టుకున్నారు. బయల్దేరింది 15 మంది, చివరిదాకా వచ్చింది 10 మంది. గెలిచిన జాన్ మెక్‌డెర్మట్‌కు 2 గంటల 55 నిమిషాల 10 సెకన్లు పట్టింది. ఇప్పుడు మనం ఆ అంకెలు చెప్పుకోగలుగుతున్నామంటే ఆ రోజు ఎవరో గడియారం పట్టుకుని నిలబడి రాసుకున్నారు కాబట్టే. పదిహేను మందితో మొదలైన పరుగు వందేళ్లు దాటి బతకడానికి మరో కారణం తేదీ. అది అక్కడి పేట్రియట్స్ డే, స్థానిక సెలవు. పండగతో ముడిపడింది కనుక ఏటా మళ్లీ ముహూర్తం వెతుక్కునే పని లేదు. బ్రెజిల్‌లో 1925లో మొదలైన సావో సిల్వెస్ట్రే పరుగుదీ ఇదే దారి. డిసెంబర్ 31 అంటే సావో పావ్లోలో పరుగే.

పేరు రాసుకోవడం ఎంత పెద్ద విషయమో తెలియాలంటే బోస్టన్ ఆడవాళ్ల కథ చూడాలి. 1966లో బాబీ గిబ్ నంబర్ లేకుండా, పొదల చాటు నుంచి వచ్చి పరుగులో కలిసింది. ఆడవాళ్లకు అంత దూరం చేతకాదని నిర్వాహకులు ఆమె దరఖాస్తును అంతకుముందే తిప్పికొట్టారు. ఆమె 3 గంటల 21 నిమిషాల్లో పూర్తి చేసినా అధికారిక ఫలితాల్లో పేరు ఎక్కలేదు. మరుసటి ఏడాది కేథరిన్ స్విట్జర్ దరఖాస్తులో కె.వి. స్విట్జర్ అని రాసి 261 నంబర్ సంపాదించింది. పరుగు మధ్యలో ఒక నిర్వాహకుడు మీదపడి ఆ నంబర్ లాక్కోబోయాడు. ఆ ఫొటో ప్రపంచమంతా చూసింది. బోస్టన్‌లో ఆడవాళ్లకు అధికారికంగా చోటు దక్కింది 1972లో. ఒలింపిక్స్‌లో మహిళల మారథాన్ అయితే 1984 దాకా రాలేదు. ఛాతీ మీద పిన్నుతో గుచ్చుకున్న ఒక గుడ్డముక్క కోసం అంత పోరాటం జరిగిందంటే, ఆ నంబర్‌కు జాబితాలో పేరుతో సంబంధం ఉండబట్టే. మన పరుగుల్లో ఆడపిల్లలు వందల మంది పాల్గొంటారు. వాళ్లలో ఒక్కరి టైమింగ్ అయినా రాసి పెట్టకపోవడం నాకు బాధగా ఉంటుంది. ఎనిమిదో తరగతి పిల్ల ఈ ఏడాది ఐదు కిలోమీటర్లు ఎంతలో వచ్చిందో, వచ్చే ఏడాది ఎంతలో వచ్చిందో తెలిస్తేనే కదా ఒక కోచ్ కంట్లో పడేది!

ఇక దూరం. మారథాన్‌కు 42.195 కిలోమీటర్ల లెక్క 1908 లండన్ ఒలింపిక్స్‌లో వచ్చింది. విండ్సర్ కోట దగ్గర మొదలై స్టేడియంలో రాజకుటుంబం కూర్చున్న చోటు ఎదుట ముగిసేలా గీసిన దారి అది. 1921లో అదే ప్రామాణికమైంది. అయితే కాగితం మీద దూరం వేరు, రోడ్డు మీద దూరం వేరు. బోస్టన్‌లోనే రోడ్డు పనుల్లో మలుపులు సరిచేయడంతో దారి కిలోమీటరుకు పైగా తగ్గిపోయింది. 1951 నుంచి 1956 వరకు ఆ పొట్టి దారి మీదే పరుగెత్తారు. 1981లో న్యూయార్క్‌లో ఆల్బెర్టో సలజార్ ప్రపంచంలోనే అత్యుత్తమ టైమింగ్ సాధించాడని పండగ చేసుకుంటే, తర్వాత కొలిచినప్పుడు దారి దాదాపు 150 మీటర్లు తక్కువగా తేలింది.

కొలిచే పద్ధతి వినడానికి సాదాగా ఉంటుంది కానీ చాలా ఓపిక కావాలి. సైకిల్ ముందు చక్రానికి జోన్స్ కౌంటర్ అనే చిన్న పరికరం బిగిస్తారు. చక్రం తిరిగేకొద్దీ అంకెలు మారుతుంటాయి. ముందుగా ఉక్కు టేపుతో తిన్నటి రోడ్డు కొంత కొలుచుకుని, దాని మీద నాలుగుసార్లు సైకిల్ తొక్కి, ఆ దూరానికి ఎన్ని అంకెలు పడ్డాయో రాసుకుంటారు. తర్వాత అసలు దారి తొక్కుతారు. మలుపుల దగ్గర అంచుకు 30 సెంటీమీటర్ల దూరంలో, పరుగెత్తేవాడికి దొరికే అతి దగ్గరి దారిలో వెళ్లాలి. అయ్యాక మళ్లీ ఆ తిన్నటి రోడ్డు మీదికొచ్చి నాలుగుసార్లు తొక్కాలి. ఎందుకంటే ఎండెక్కేకొద్దీ టైర్లో గాలి వ్యాకోచించి లెక్క మారిపోతుంది. మన బందరు రోడ్డు మీద ఉదయం ఆరింటికీ తొమ్మిదింటికీ ఉన్న తేడా తలచుకుంటే ఆ రెండో కొలత ఎంత అవసరమో తెలుస్తుంది. చివరికి వెయ్యికి ఒకటి చొప్పున దూరం కలుపుతారు. పది కిలోమీటర్లకు పది మీటర్లు, మారథాన్‌కు 42 మీటర్లు. పొరపాటు జరిగినా దారి తగ్గకూడదనే ఆ జాగ్రత్త. ఇంగ్లండ్‌లో జాన్ జూయెల్, అమెరికాలో టెడ్ కార్బిట్ 1960లలో ఈ పని మీద పట్టుబట్టి కూర్చున్నారు. వాళ్ల వల్లే ఒక ఊరి టెన్‌కే టైమింగ్‌ను మరో ఊరి టెన్‌కేతో పోల్చగలుగుతున్నాం.

మన దేశంలో ఈ కథ ముందే మొదలైంది. 1919లో పుణేలో డెక్కన్ జింఖానా పోటీలకు వెళ్లిన దొరాబ్జీ టాటా, ఉత్త కాళ్లతో పరుగెత్తే రైతు కుర్రాళ్లను చూసి ఆశ్చర్యపోయాడు. వీళ్లను ఒలింపిక్స్‌కు పంపాలనుకున్నాడు. మరుసటి ఏడాది ఆంట్‌వెర్ప్ మారథాన్‌లో ఫడెప్ప చౌగులే 19వ స్థానంలో వచ్చాడు. ఒలింపిక్స్‌కు మన జట్టు వెళ్లడం ఒక ఊరి పరుగు దగ్గరే మొదలైందన్నమాట. 1976 మాంట్రియల్‌లో శివనాథ్ సింగ్ 11వ స్థానం సాధించాడు. 1978లో జలంధర్‌లో 2 గంటల 12 నిమిషాల్లో మారథాన్ పూర్తి చేసి నెలకొల్పిన జాతీయ రికార్డు దశాబ్దాల పాటు చెక్కుచెదరలేదు. పుణే అంతర్జాతీయ మారథాన్ 1983లో, ముంబై మారథాన్ 2004లో వచ్చాయి. ముంబైది జనవరిలో ఆదివారంగా స్థిరపడింది. తెలుగు నేల మీద హైదరాబాద్‌లో రన్నర్ల క్లబ్బు, విశాఖలో నేవీ ముందుకొచ్చి భారం ఎత్తుకున్నాయి. పరుగు ఏటా జరగాలంటే అధికారి మారినా మారని ఇలాంటి ఒక నాథుడు కావాలి.

ఒలింపిక్ డే రన్‌ను తీసిపారేయలేం. 1894 జూన్ 23న పారిస్‌లో అంతర్జాతీయ ఒలింపిక్ కమిటీ పుట్టింది. ఆ గుర్తుగా 1948 నుంచి ఒలింపిక్ డే, 1987 నుంచి పరుగు నడుస్తున్నాయి. ఉద్దేశం జనాన్ని కదిలించడం, ఆ పని అది చేస్తోంది. పోటీ పరుగుకు మాత్రం మన జూన్ పనికిరాదు. అప్పటికి వానలు పలకరించినా ఉక్కపోత తగ్గదు. గాల్లో తేమ ఉంటే చెమట ఆరదు, చెమట ఆరకపోతే ఒళ్లు చల్లబడదు. వడదెబ్బ తగిలేది అక్కడే. డిసెంబర్, జనవరిలో తెల్లవారుజామున 20 డిగ్రీల దరిదాపుల్లో ఉంటుంది. ఆ రెండు నెలలే మనకు దారి.

దారి వెయ్యడం కూడా ఇక్కడ తేలిక కాదు. ఒకపక్క కృష్ణ, మరోపక్క కొండలు, మధ్యలో ఊరిని కోస్తూ బందరు, రైవస్, ఏలూరు కాలవలు. వంతెనలే దిక్కు. ఒక్కటి మూస్తే ట్రాఫిక్ ఎక్కడో ఇరుక్కుంటుంది. అందులో ఆస్పత్రికి వెళ్లే అంబులెన్సు ఉండొచ్చు. పోలీసులు వెనకాడటంలో తప్పు లేదు. అయితే 2016 పుష్కరాలకు ఘాట్లు బాగుపడ్డాయి, 2020లో కనకదుర్గ ఫ్లైఓవర్ తెరిచారు. ఫ్లైఓవర్ మీదుగా వాహనాలు పోతుంటే కింద నది వెంబడి రోడ్డును రెండు గంటలు పరుగుకు ఇవ్వడం అసాధ్యమేమీ కాదు. 1957లో పూర్తయిన ప్రకాశం బ్యారేజీ పొడవు 1,223.5 మీటర్లు. పోనూ రానూ రెండున్నర కిలోమీటర్లకు కాస్త తక్కువ. సీతానగరం వైపు వెళ్లి తిరిగొస్తే పది కిలోమీటర్ల దారిలో పావు వంతు నీళ్ల మీదే పోతుంది.

శాన్‌ఫ్రాన్సిస్కో ఉదాహరణ ఒకటి నన్ను వదలదు. 1906 భూకంపంలో ఆ ఊరు నేలమట్టమైంది. తిరిగి లేస్తున్న రోజుల్లో, 1912లో, జనానికి ధైర్యం చెప్పడానికని ఊరి ఈ చివర నుంచి సముద్రం దాకా పరుగు పెట్టారు. బే టు బ్రేకర్స్ పేరుతో అది నిలబడిపోయింది. 2024 సెప్టెంబర్ తొలి రోజుల్లో బుడమేరు వాగు పొంగి మన సింగ్‌నగర్ మునిగింది. బ్యారేజీ దగ్గర వరద 11 లక్షల క్యూసెక్కులు దాటింది. మేడల మీద ఉండిపోయినవాళ్లకు పడవల్లో అన్నం ప్యాకెట్లు అందించిన ఊరు మనది. మన ఊరి పరుగు వీఐపీలకు అనువైన చోట కాకుండా సింగ్‌నగర్‌లో మొదలై బ్యారేజీ మీద ముగిస్తే బాగుంటుందని నా కోరిక.

మొదటి ఏడాది వంద మందే వచ్చినా ఫర్వాలేదు. డిసెంబర్‌లో ఒక ఆదివారాన్ని ఖాయం చేసి, కార్పొరేషన్, పోలీసు, రన్నర్ల క్లబ్బులు, పీఈటీలు కలిసి ఆరు నెలల ముందే ప్రకటించాలి. దారిని సైకిల్‌తో కొలిపించి, మొదలూ చివరా ఎక్కడో చెరగని గుర్తుగా రోడ్డు మీద మేకులు కొట్టించాలి. వచ్చిన ప్రతి ఒక్కరి పేరు, వయసు, టైమింగ్ అదే సాయంత్రానికి అందరికీ కనిపించేలా పెట్టి, ఆ జాబితాను ఏటికేడాది భద్రపరచాలి.