కూగెల్‌బాకె చెక్క గోపురం: అపోహలు - వాస్తవాలు

ఉత్తర సముద్రం నుంచి ఎల్బె నదిలోకి ప్రవేశించే చోట, జర్మనీలోని కుక్స్‌హాఫెన్ తీరాన, కూగెల్‌బాకె అనే చెక్క గోపురం దాదాపు 30 మీటర్ల ఎత్తున నిలబడి ఉంటుంది. సముద్రం నుంచి ఇటుగా హాంబుర్గ్ రేవుకు వెళ్లే ఓడలు దానిని కుడిచేతి వైపు వదిలి నదిలోకి సాగుతాయి. కొత్తగా ఓడ ఎక్కిన కేడెట్లు దానిని చూడగానే నన్ను అడిగే ప్రశ్న ఎప్పుడూ ఒకటే: "సార్, హెడ్డింగ్ దాని మీదే పెట్టాలా?" అంటే, ఓడ ముందుభాగాన్ని దానికేసే తిప్పి నడపాలా అని.

ఎంతమాత్రం పెట్టకూడదు. గుర్తు కనిపించింది కాబట్టి దానికేసి నడపడం క్షేమమనే ఈ అపోహే అన్నిటికంటే ప్రమాదకరమైనది. పగటి గుర్తు మనం ఎక్కడున్నామో తెలుసుకోవడానికి ఉపయోగపడుతుందే తప్ప, దానంతట అది వెళ్లవలసిన దారి చూపదు. పైగా ఇలాంటి గుర్తులను చాలాచోట్ల లోతు తక్కువైన నీటి అంచునే నిలబెడతారు. కూగెల్‌బాకెకు పడమర వైపు ఆటుకు బయటపడే బురద మైదానాలున్నాయి. దాని పాదం నుంచి సముద్రంలోకి కిలోమీటర్ల పొడవున సాగే రాతికట్ట పోటు సమయంలో నీట మునిగి కంటికి కనిపించదు. విశాఖకు వచ్చే ఓడలు డాల్ఫిన్స్ నోస్ కొండను చూసుకుంటూనే వస్తాయి, అలాగని ఎవరూ కొండ మీదికి నడపరు కదా! గుర్తును దాటి వెళ్లేటప్పుడు దాని బేరింగు, అంటే ఓడ నుంచి చూస్తే అది ఉన్న దిశ, క్రమంగా వెనక్కి జరుగుతూ ఉండాలి. అది మారకుండా ఎదురుగానే నిలిచిపోతే మనం నేరుగా దాని మీదికి పోతున్నట్టే.

ఆ దారిలో నేను మొదటిసారి వెళ్లినప్పుడు, పొగమంచు విడిపోయాక, కెప్టెన్‌గారు నన్ను బ్రిడ్జి వింగ్‌లోకి (ఓడ నడిపే గదికి పక్కన బయటికి ఉండే భాగం) పిలిచి, గైరో రిపీటర్ (దిక్సూచి రీడింగును చూపే డయల్) మీద అజిముత్ సర్కిల్ (గురిచూసి దిశ కొలిచే సాధనం) పెట్టించి, ముందు ఈ గోపురానికి, వెంటనే నాయ్‌వెర్క్ దీవిలో 1310 నుంచి నిలిచి ఉన్న ఇటుక బురుజుకు బేరింగులు తీయించారు. చార్టు (సముద్ర పటం) మీద పెన్సిల్‌తో గీసిన ఆ రెండు గీతలు ఖండించుకున్న చోటే మా ఓడ ఉన్న చోటు. ఒక్క బేరింగుతో ఒక్క గీతే వస్తుంది, ఆ గీత మీద ఎక్కడున్నామో తెలియాలంటే రెండోది కావాలి. మూడోది కూడా తీస్తే, మొదటి రెండింటిలో పొరపాటుంటే అది అక్కడే బయటపడుతుంది.

కూగెల్‌బాకె దీపం ఆరిపోయిన లైట్‌హౌస్ అనేది మరో అపోహ. దీనిని నిలబెట్టింది పగటిపూట ఆకారం చూసి గుర్తుపట్టడానికి. ఎదురెండలో రంగులు తెలియకపోయినా ఆ ఆకారం తెలుస్తుంది. చెక్కది కాబట్టి ఎక్కువ కాలం నిలవదని కూడా అంటారు. 1703లో మొదట కట్టిన నాటి నుంచి తుపానులకు, మంచుగడ్డల తాకిడికి దెబ్బతిన్న ప్రతిసారీ దానిని తిరిగి నిలబెడుతూనే వచ్చారు. నేడు అది నగరం ఆస్తి, కుక్స్‌హాఫెన్ చిహ్నంలోనూ ఉంది.

ఇక, జీపీఎస్ పనిచేయకపోతే మా అబ్బాయి ఓడ ఏమైపోతుందని ఆందోళనపడే తల్లిదండ్రులకు ఒక మాట. మీ భయం నాకు అర్థమవుతుంది. బాల్టిక్ సముద్రంలో, పర్షియన్ గల్ఫ్‌లో జీపీఎస్ సంకేతాలకు అంతరాయాలు నిజంగానే కలుగుతున్నాయి. అయితే వాట్సాప్‌లో తిరిగే పుకార్లు చెప్పినట్టు ఆ క్షణాన ఓడ గుడ్డిదైపోదు. రాడార్ ఉంటుంది, నీటి లోతు కొలిచే ఎకో సౌండర్ ఉంటుంది, తీరం కనిపిస్తుంటే బేరింగు తీయడం నేర్చిన అధికారి బ్రిడ్జి మీద ఉంటాడు. మీ అబ్బాయి సెలవుకు వచ్చినప్పుడు, బేరింగులు స్వయంగా తీస్తున్నాడో లేదో అడగండి.