బాల్సా: చేవ పట్టకముందే కొట్టాల్సిన చెట్టు

మన దగ్గర పొలం గట్ల మీద టేకు నాటేవాళ్ళు పిల్లల పెళ్ళిళ్ళ నాటికి చేతికొస్తుందని లెక్కేసుకుంటారు. ఎన్నాళ్ళు ఆగితే అంత చేవ, అంత ధర. దక్షిణ అమెరికాలో, ఈక్వడార్ దేశపు పల్లపు ప్రాంతాల్లో పెరిగే బాల్సా చెట్టు దగ్గర ఈ లెక్క తలకిందులవుతుంది. నాటిన ఐదారేళ్ళకే అది కోతకొస్తుంది. ఏడెనిమిదేళ్ళు దాటనిచ్చారా, కాండంలో వెలుపలి కలప బరువెక్కడం, నడిమి భాగం పుచ్చడం మొదలవుతాయి. బరువెక్కిన బాల్సాకి గిరాకీ ఉండదు. అంటే రైతు చేతిలో ఉండేది రెండు మూడేళ్ళ వ్యవధి. ఈ చెట్టు గురించి చెప్పేటప్పుడు అందరూ దాని తేలికదనాన్నే పొగుడుతారు. నాకు మాత్రం దాని వయసే అసలు సంగతి అనిపిస్తుంది. ఆ తేలికదనం ఆ వయసులోంచి పుట్టిందే. ఈ మధ్య దాని చుట్టూ వచ్చిన కష్టాలూ ఆ వయసులోంచి పుట్టినవే.

బాల్సా శాస్త్రీయ నామం ఓక్రోమా పిరమిడాలే. మెక్సికో దక్షిణ భాగం నుంచి బొలీవియా దాకా ఉష్ణమండల అడవుల్లో సహజంగా మొలుస్తుంది. పత్తి, బెండ, మందార, కోకో ఉన్న కుటుంబమే దీనిదీ. మన బూరుగుకి దగ్గర చుట్టం. బూరుగు కాయ పగిలితే దూది ఎగిరినట్టే బాల్సా కాయ పగిలినా గోధుమరంగు దూది బయటికొస్తుంది. అందులో చిక్కుకున్న సన్నటి గింజలు గాలికి కొట్టుకుపోతాయి. ఆ దూదిని దిండ్లలో కూరడం అక్కడా ఉంది, ఇక్కడా ఉంది. బూరుగు కలప కూడా మెత్తనే. అగ్గిపుల్లలకి పనికొచ్చింది అందుకే.

అడవిలో నీడపట్టున బాల్సా బతకలేదు. దాని గింజ నేలలో పడి అవకాశం కోసం కాచుకుని ఉంటుంది. పెద్ద చెట్టు కూలి ఆకాశం తెరుచుకున్నప్పుడు, నది వరదకి ఒండ్రు మేటవేసి కొత్త లంక లేచినప్పుడు, ఎవరో పోడు కొట్టి వదిలేసి వెళ్ళినప్పుడు ఎండ నేరుగా నేలను తాకుతుంది. మట్టి వేడెక్కితే గింజ గట్టి తొక్క సడలి మొలకెత్తుతుంది. అక్కణ్ణుంచి అంతా పరుగే. మొదటి ఆరు నెలల్లోనే పది, పదిహేను అడుగులు పెరుగుతుంది. లేత మొక్కల ఆకులు అడుగుకి మించి వెడల్పుంటాయి, దొరికిన ఎండనంతా పట్టుకోవాలి కదా. కొన్నేళ్ళలో అరవై, తొంభై అడుగుల ఎత్తుకి చేరుతుంది. ఈలోగా దాని నీడలోనే నిదానంగా పెరిగే గట్టి చెట్లు లేస్తుంటాయి. అవి పైకొచ్చేసరికి బాల్సా పని అయిపోతుంది. అడవిలో ముప్ఫై, నలభై ఏళ్ళు బతికితే ఎక్కువ.

ఇంత హడావిడిలోనూ అది పువ్వుల దగ్గర మాత్రం పిసినారితనం చూపదు. పెద్ద గిన్నెల్లాంటి లేతరంగు పువ్వులు సాయంత్రం పూట విచ్చుకుంటాయి, అడుగున మకరందం మడుగు కట్టి ఉంటుంది. రాత్రిపూట పూసే ఇలాంటి పువ్వులకి గబ్బిలాలే పుప్పొడి మోస్తాయని చాలాకాలం అనుకున్నారు. పనామాలో చెట్లెక్కి గమనించినప్పుడు తేలిందేమంటే, కింకజూ, ఒలింగో అనే రెండు రకాల జంతువులు ఆ పనిలో ముందున్నాయి. రకూన్ కుటుంబానికి చెందిన ఈ జీవులు చెట్ల మీదే కాపురముంటాయి. పువ్వులో మూతి పెట్టి తాగుతూ, ముఖానికి అంటుకున్న పుప్పొడితో ఇంకో చెట్టుకి పోతాయి.

ఇక కలప సంగతి. మన అడితుల్లో కలపని ఘనపుటడుగుల్లో కొలుస్తారు. బాగా ఆరిన టేకు ఘనపుటడుగు సుమారు 18 కిలోలు తూగుతుంది. మామూలు రకం బాల్సా అదే కొలతకి నాలుగు, నాలుగున్నర కిలోలు మాత్రమే తూగుతుంది. అంతకన్నా తేలికైన దుంగలూ ఉంటాయి, రెండింతల బరువున్నవీ ఉంటాయి. ఒకే తోటలో, ఒకే కాండంలో కూడా బరువు మారిపోతుంది కాబట్టి సామిల్లులో కోసిన ప్రతి చెక్కనీ తూచి వేరు చేస్తారు.

ఈ తేలికదనం ఎక్కణ్ణుంచి వచ్చింది? ఏ చెట్టు కలప తీసుకున్నా దాని కణాల గోడల్లో ఉన్న పదార్థం దాదాపు ఒకటే, సాంద్రతా ఒకటే: ఘనపు మీటరుకి సుమారు 1500 కిలోలు. అంటే ఉత్త గోడ పదార్థమే అయితే అన్ని కలపలూ నీళ్ళలో మునిగేవే. తేడా అంతా ఆ గోడల మందంలో, లోపల వదిలిన ఖాళీలో ఉంది. ఘనపు మీటరుకి 150 కిలోలుండే బాల్సాలో గోడలు ఆక్రమించేది పదో వంతు చోటు మాత్రమే. తక్కిన తొమ్మిది వంతులూ ఖాళీ. గోడ కట్టడం చెట్టుకి ఖర్చుతో కూడిన పని. ఎండలో వండుకున్న చక్కెరంతా దానికే పోతుంది. నూరేళ్ళు నిలవాల్సిన చెట్టు మందంగా కట్టుకుంటుంది, చేవలో పురుగుకి, బూజుకి గిట్టని రసాయనాలు దాచుకుంటుంది. పది మందికన్నా ముందు ఎండని అందుకోవాల్సిన చెట్టు ఉన్న సరుకుని పలచగా పరిచి ఎత్తు సాధిస్తుంది. ఖాళీల్లో నీళ్ళు నింపుకుంటుంది. అప్పుడే కొట్టిన బాల్సాలో పొడి కలప బరువుకి రెండు మూడు రెట్లు, ఒక్కోసారి అంతకు మించి నీరే ఉంటుంది. కొట్టిన వెంటనే బట్టీల్లో ఆరబెట్టకపోతే బూజు పట్టి చెడిపోతుంది. ఆత్మరక్షణకి ఖర్చు పెట్టని చెట్టు కదా.

తేలిక అన్నంత మాత్రాన బాల్సాని మన జీలుగు బెండుతో జమకట్టేయకూడదు. బాసికాలు చేసే ఆ బెండు వేళ్ళ మధ్య నలిగిపోతుంది. బాల్సాని కూడా పక్కనుంచి బొటనవేలి గోరుతో నొక్కితే సొట్ట పడుతుంది కానీ, పేడు పొడవునా నొక్కి చూస్తే తీరు వేరు. కణాలు సన్నటి గొట్టాల్లా కాండం పొడవునా నిలువుగా పేర్చి ఉంటాయి. వాటి తలల మీద పడ్డ బరువుని అన్నీ కలిసి మోస్తాయి. అడ్డంగా తట్టుకునే దానికన్నా పొడవునా తట్టుకునేది ఎన్నో రెట్లు ఎక్కువ. ఈ ఒక్క గుణం మీదే బాల్సా పరిశ్రమంతా నిలబడింది.

యూరప్ వాళ్ళు రాకముందే ఈక్వడార్ తీరం వాళ్ళు ఈ కలపతో సముద్రం మీద వ్యాపారం చేశారు. 1526లో స్పెయిన్ దండయాత్రికుడు పిజారో దగ్గర నావికుడిగా ఉన్న బార్తొలొమే రూయిజ్ ఆ తీరాన ఒక పెద్ద తెప్పని పట్టుకున్నాడు. నూలు తెరచాప, ఇరవై మంది దాకా మనుషులు, వెండి బంగారు నగలు, బట్టలు, వాళ్ళు ఎంతో విలువగా చూసే గవ్వ పూసలు అందులో ఉన్నాయి. స్పెయిన్ వాళ్ళు దాని నేర్పుని చూసి ఆశ్చర్యపోయారు. దుంగల మధ్య సందుల్లోంచి నీళ్ళలోకి దించిన పలకల్ని ఎత్తుతూ దించుతూ, గాలికి ఎదురుగా కూడా తెప్పని తిప్పగలిగేవారు.

ఆ తెప్పలు పసిఫిక్ మహాసముద్రం దాటగలవని నిరూపించడానికి నార్వే దేశస్థుడు థోర్ హెయర్‌డాల్ 1947 ఏప్రిల్‌లో పెరూలోని కయావ్ రేవు నుంచి బయల్దేరాడు. తొమ్మిది బాల్సా దుంగలు, ఆరుగురు మనుషులు. 101 రోజుల తర్వాత, సుమారు 6,900 కిలోమీటర్ల అవతల, పాలినీషియాలోని రరోయా పగడపు దిబ్బకి ఆ తెప్ప కొట్టుకుంది. దానికి ‘కాన్-టికి’ అని పేరు. ఇప్పుడది ఓస్లోలోని మ్యూజియంలో ఉంది. పాలినీషియాకి మనుషులు దక్షిణ అమెరికా నుంచే వచ్చారన్న ఆయన వాదాన్ని శాస్త్రవేత్తలు ఒప్పుకోలేదు, అక్కడివాళ్ళ మూలాలు ఆసియా వైపు ఉన్నాయి. కలప గురించి మాత్రం ఆ ప్రయాణం ఒక మంచి పాఠం చెప్పింది. ఎండిన బాల్సా అయితే ఉప్పునీరు పీల్చుకుని దారిలోనే మునిగేదని చాలామంది హెచ్చరించారు. హెయర్‌డాల్ ఈక్వడార్‌లోని క్వెవెడో దగ్గరి అడవిలో పచ్చి చెట్లు కొట్టించి తెచ్చుకున్నాడు. చెట్టులోని రసమే బయటి నీటిని లోపలికి చొరకుండా అడ్డుకుంది. పరిశ్రమకి ఏ నీరు పెద్ద బెడదో ఆ నీరే తెప్పని కాపాడింది.

రెండో ప్రపంచ యుద్ధం బాల్సాని ఆకాశానికి ఎక్కించింది. బ్రిటన్‌లో అల్యూమినియానికి కొరత. డి హావిలాండ్ కంపెనీ చెక్కతో ‘మస్కిటో’ విమానాన్ని తయారుచేసింది. 1940 నవంబర్ 25న అది తొలిసారి ఎగిరింది. విమానం మొండేన్ని నిలువునా రెండు సగాలుగా అచ్చుల మీద పోతపోసినట్టు చేసేవారు: పైనా కిందా పలచటి బర్చ్ ప్లైవుడ్, మధ్యలో ఈక్వడార్ నుంచి ఓడల్లో వచ్చిన బాల్సా. లోపలి తీగలు, గొట్టాలు అమర్చాక రెండు సగాల్నీ అతికేవారు. లోహపు పని రాని ఫర్నిచర్ వడ్రంగులు కూడా ఈ విమానాలకి పనిచేశారు. అలా 7,781 విమానాలు తయారయ్యాయి. తన కాలంలో అత్యంత వేగంగా ఎగిరిన విమానాల్లో మస్కిటో ఒకటి.

ఆ విమానం మొండెంలో ఉన్న సూత్రమే ఇవాళ్టికీ బాల్సాకి బువ్వ పెడుతోంది. ఒక పలకని వంచినప్పుడు దాని పై పొర సాగుతుంది, కింది పొర నొక్కుకుపోతుంది. మధ్యలో ఉన్న సరుకు మీద ఆ బలం అంతగా పడదు. అందుకే గట్టి సరుకుని పైనా కిందా పలచగా పెట్టి, మధ్యలో తేలికైనదాన్ని నింపితే సరిపోతుంది. రెండు పొరల్నీ ఎంత ఎడంగా ఉంచితే వంగకుండా అంత గట్టిగా నిలబడుతుంది, బరువు మాత్రం పెద్దగా పెరగదు. అయితే నడిమి సరుకు నలగకూడదు, పొరలు ఒకదాని మీదొకటి జారకుండా పట్టుకోవాలి. బాల్సా దుంగని అడ్డంగా బిళ్ళలు కోసి, కణాల తలలు పొరలకి ఆనేలా నిలబెడితే ఈ రెండు పనులూ చేస్తుంది. ఆ బిళ్ళల్ని వల గుడ్డ మీద అతికించి అమ్ముతారు, ఏ వంపుకైనా ఒదుగుతాయి. పడవల అడుగులకి, రైలు పెట్టెల నేలలకి, అన్నిటికన్నా ఎక్కువగా గాలిమరల రెక్కలకి ఇవి పోతాయి. వంద మీటర్ల రెక్క ఒక్కదానికి 150 ఘనపు మీటర్ల బాల్సా పట్టొచ్చని అమెరికా ప్రభుత్వ ప్రయోగశాల ఒకటి అంచనా వేసింది. మన రామగిరి కొండల మీదా, అనంతపురం జిల్లా అంతటా తిరుగుతున్న గాలిమరల రెక్కల్లో ఫైబర్ గ్లాస్ పొరల మధ్య ఉండేది కూడా ఇలాంటి నడిమి సరుకే, బాల్సానో ప్లాస్టిక్ నురుగో.

ఇక్కడే చెట్టు వయసు అడ్డం తిరిగింది. నేల మీది గాలిమరల్లో చాలావాటికి, 2020 చివరికల్లా కరెంటు గ్రిడ్‌కి కలిపితేనే సబ్సిడీ అని చైనా గడువు పెట్టింది. ఆ ఒక్క ఏడాది అక్కడ సుమారు 72 గిగావాట్ల గాలిమరలు గ్రిడ్‌కి చేరాయి, అంతకుముందు ఏడాదికి రెట్టింపుని మించి. బాల్సా ధర ఎగబాకింది. ఈక్వడార్ తోటల్లో ఉన్నది మాత్రం ఐదేళ్ళ కిందట ఎవరెంత నాటారో అంతే. ఎంత డబ్బు గుమ్మరించినా ఐదేళ్ళ చెట్టు ఆర్నెల్లలో తయారు కాదు. అప్పుడు కొనేవాళ్ళ చూపు అమెజాన్ వైపు మళ్ళింది. పస్తాజా, కొపతాజా నదుల లంకల్లో సహజంగా పెరిగిన బాల్సా అచువార్ ఆదివాసుల నేలలో ఉంది. కరోనా కాలంలో ఊళ్ళు దిగ్బంధంలో ఉండగానే పడవల్లో రంపాలు దిగాయి. కూలి డబ్బు వచ్చింది, దాంతోపాటు సారా వచ్చింది, తగాదాలు వచ్చాయి. అచువార్లకి దక్కింది చెట్టుకి కొద్దిపాటి సొమ్ము. లంకల ఒడ్లని పట్టి ఉంచే చెట్లు పోయాయి. వేగంగా తిరిగి మొలిచే చెట్టే కదా, నష్టమేముంది అని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. బాల్సా మళ్ళీ మొలుస్తుంది, నిజమే. రంపాల కోసం వేసిన దార్లు, చీలిపోయిన ఊళ్ళు చెట్టులా తిరిగి మొలవవు.

ఆ ధర చూసి ఈక్వడార్ రైతులు కొత్తగా తోటలు వేశారు. అవి కోతకి రావాల్సింది 2025 ప్రాంతాల్లో. ఈలోగా చైనా గడువు దాటిపోయింది, ధర పడిపోయింది. బాల్సా దొరక్క విసిగిన రెక్కల కంపెనీలు పీఈటీ నురుగు వైపు తిరిగాయి. నీళ్ళ సీసాలు చేసే ప్లాస్టిక్ అదే, వాడేసిన సీసాల నుంచి కూడా దాన్ని తయారుచేస్తారు. అది ఎప్పుడు కావాలంటే అప్పుడు, ఒకే సాంద్రతలో దొరుకుతుంది. అదే గట్టితనానికి బాల్సా కంటే బరువు ఎక్కువ పడుతుంది కాబట్టి, ఒత్తిడి ఎక్కువుండే చోట బాల్సా, తక్కినచోట నురుగు పెట్టడం ఇప్పుడు మామూలైంది. ఈక్వడార్ ఒక్కదాన్నే నమ్ముకోకుండా పాపువా న్యూ గినీలోని న్యూ బ్రిటన్ దీవి తూర్పు భాగంలో పెంచిన తోటల నుంచీ కొంటున్నారు.

టేకు రైతు ధర లేకపోతే చెట్టుని అలాగే నిలబెట్టి ఉంచొచ్చు, ఏటా విలువ పెరుగుతుందే గానీ తగ్గదు. బాల్సా రైతుకి ఆ వెసులుబాటు లేదు. కొనేవాడు రాని ఏడాది చెట్టు ఆగదు, బరువెక్కిపోతుంది. అందుకే ఈ వ్యాపారంలో కొనుగోలు ఒప్పందాలు నాటే రోజునే రాసుకోవాలి, ధర ఐదారేళ్ళకి ముందుగా కుదరాలి, అడవి బాల్సాని తోట బాల్సాతో కలిపి అమ్మకుండా దుంగ ఎక్కడిదో నమోదు కావాలి. తోట పెంపకమూ సామిల్లూ రెండూ చేతిలో ఉన్న కొన్ని పెద్ద కంపెనీలు తమకి కావాల్సిన చెట్లని అలా ముందే లెక్కగట్టి నాటుకుంటున్నాయి. చిన్న రైతు మాత్రం ఇప్పటికీ ఈ ఏటి ధర చూసి నాటుతున్నాడు, ఆరేళ్ళ తర్వాతి ధరకి అమ్ముతున్నాడు.