బాత్రూంలో జారిపడ్డానని చెప్పకండి

రాత్రి రెండింటికి క్యాజువాలిటీకి ఒకాయన వచ్చాడనుకుందాం. సరిగ్గా నడవలేకపోతున్నాడు. ఏమైందని డ్యూటీ డాక్టరు అడిగితే "బాత్రూంలో జారిపడ్డాను" అంటాడు. దెబ్బ ఎక్కడ తగిలిందంటే "కింద" అంటాడు. వెంట వచ్చిన భార్య తలెత్తదు. అసలు సంగతి బయటపడేసరికి ఇంకో అరగంట పోతుంది. ఆయన కనీసం ఆ రాత్రే వచ్చాడు, అది నయం. తెల్లారాక చూద్దాంలే అనుకునేవాళ్ళు, ఐసు పెట్టుకుని పడుకునేవాళ్ళు, రెండు రోజులు ఆఫీసుకు సెలవు పెట్టి వాపు తగ్గకపోతే మూడో రోజున వచ్చేవాళ్ళు కూడా ఉంటారు.

నేను రాస్తున్నది ఆ రెండు రోజుల గురించే. భార్యాభర్తల కలయిక మామూలుగా ప్రమాదమైన పని కాదు. కానీ అదీ శరీరంతో చేసే పనే కాబట్టి ఎప్పుడో ఒకసారి దెబ్బ తగలొచ్చు, ఇన్‌ఫెక్షన్ రావొచ్చు, ఉన్న జబ్బు బయటపడొచ్చు. వీటిలో చాలావాటికి మంచి వైద్యం ఉంది. ఆలస్యమే చెరుపు చేస్తుంది. ఆ ఆలస్యం దూరం వల్లో, డబ్బు లేకో జరిగేదానికన్నా సిగ్గు వల్ల జరిగేదే నన్ను ఎక్కువ బాధపెడుతుంది.

పైన చెప్పినాయనకు కలయికలో పురుషాంగానికి దెబ్బ తగిలింది. దాన్ని డాక్టర్లు "ఫ్రాక్చర్" అంటారు. నిజానికి మనిషి పురుషాంగంలో ఎముక లేదు. కుక్కకు ఉంది, ఎలుగుబంటికి ఉంది, మనకు దగ్గరి చుట్టమైన చింపాంజీకి కూడా చిన్నది ఉంది. మనకు మాత్రం రెండు స్పాంజి గొట్టాల్లాంటి కణజాలాలు, వాటి చుట్టూ గట్టి తొడుగు ఉంటాయి. స్పాంజిలోకి రక్తం చేరి, తొడుగు బిగుసుకుంటే అంగం గట్టిపడుతుంది, దాన్నే స్తంభన అంటారు. మామూలప్పుడు ఆ తొడుగు మందం దాదాపు 2 మిల్లీమీటర్లు. స్తంభించినప్పుడు అరమిల్లీమీటరుకు, ఒక్కోసారి పావు మిల్లీమీటరుకు దిగుతుంది. గాలి కొట్టేకొద్దీ సైకిల్ ట్యూబు పలచబడినట్టే. ఆ సమయంలో అంగం జారి అవతలివారి కటి ఎముకకు బలంగా తగిలి వంగితే, పలచబడిన తొడుగు చిరుగుతుంది.

వేలు విరిచినట్టు "టప్"మని చప్పుడు వినబడుతుంది. వెంటనే నొప్పి, స్తంభన ఒక్కసారిగా పోవడం, చూస్తుండగానే వాపు. రక్తం చర్మం కిందికి చేరి అంగం ఊదారంగుకు తిరుగుతుంది, ఒక పక్కకు వంగుతుంది. ఇంగ్లిష్ వైద్య పుస్తకాలు కూడా దీన్ని వంకాయతోనే పోలుస్తాయి. మూత్రం వచ్చే చోట రక్తం కనబడినా, మూత్రం రాకపోయినా మూత్రనాళం కూడా చిరిగిందేమోనని అనుమానించాలి.

ఇది కలయికలోనే జరగాలని లేదు. ఇరాన్ పశ్చిమాన ఉన్న కెర్మాన్‌షా నగరం నుంచి 2000లో 172 మంది రోగుల వివరాలతో ఒక నివేదిక వెలువడింది. అక్కడ స్తంభించిన అంగాన్ని వేళ్ళు విరిచినట్టు చేత్తో వంచి "టక్"మనిపించే అలవాటు ఉంది. దానికి వాళ్ళ భాషలో పేరు కూడా ఉంది, తఖాందన్ అని. ఆ రోగుల్లో ఎక్కువమందికి దెబ్బ తగిలింది ఈ అలవాటు వల్లే. నిద్రలో పక్కకు దొర్లినప్పుడు, బిగుతు బట్టల్లోకి బలవంతంగా సర్దుకున్నప్పుడు కూడా జరగొచ్చు. అంటే ఈ దెబ్బతో వచ్చిన మనిషి ఏదో చేయకూడనిది చేశాడని అనుకోనక్కర్లేదు.

చికిత్స ఆపరేషనే. చర్మం తెరిచి, గడ్డకట్టిన రక్తం తీసేసి, చిరిగిన తొడుగుకు వాటంతటవే కరిగిపోయే కుట్లు వేస్తారు. తర్వాత నెల, నెలన్నర కలయికకు దూరంగా ఉండమంటారు. మొదటి 24 గంటల్లో చేస్తే ఎక్కువమంది పూర్తిగా కోలుకుంటారు. ఒకటి రెండు రోజులు ఆలస్యమైనా ఆపరేషన్ చేస్తారు కాబట్టి "ఇక టైం దాటిపోయింది" అనుకుని ఇంట్లోనే ఉండిపోవద్దు. అసలే చేయించుకోకపోతే చిరిగినచోట మచ్చకట్టి అంగం వంకరపోవచ్చు, స్తంభనలో నొప్పి రావొచ్చు, స్తంభనే తగ్గిపోవచ్చు. ఐసు పెడితే వాపు కాస్త తగ్గుతుంది. చిరుగు మాత్రం అలాగే ఉంటుంది.

మన భాషలో ఈ అవయవాలకు రెండు రకాల మాటలే ఉన్నాయి. పుస్తకంలో చదివేవి కొన్ని, తిట్లలో వాడేవి కొన్ని. మామూలుగా నోరు తిరిగే మాట మధ్యలో లేదు. అందుకే "అక్కడ", "కింద", "ఆ ప్లేస్‌లో" అంటాం. డాక్టరుకు పొత్తికడుపో, గజ్జో, పురుషాంగమో అర్థం కాదు. తప్పు చోట స్కానింగ్ రాసినా ఆశ్చర్యం లేదు. ఏ మాటా రాకపోతే వేలు పెట్టి చూపించండి, ఫోన్లో టైపు చేసి చూపించండి. "కలిసినప్పుడు దెబ్బ తగిలింది, చప్పుడు వచ్చింది, మూడు గంటలైంది" అంటే చాలు. గది తలుపు వేయమని, వెంట వచ్చినవాళ్ళను కాసేపు బయట ఉండమని అడిగే హక్కు మీకుంది. రోగి గుట్టు బయటపెట్టకూడదన్నది వైద్యవృత్తి నియమం.

ఆడవాళ్ళ విషయంలో సిగ్గుకు ఇంకో బరువు తోడవుతుంది. శోభనం రాత్రి రక్తం కనబడాలి, కనబడకపోతే అనుమానించాలి అనే నమ్మకం ఇంకా పోలేదు. కన్నెపొర అనేది యోని అంచున సాగే గుణమున్న పలుచటి కణజాలం. ఒక్కొక్కరికి ఒక్కో ఆకారంలో ఉంటుంది. చాలామందికి తొలి కలయికలో రక్తం రానే రాదు. దాన్ని చూసి ఎవరి గతాన్నీ చెప్పలేం. కన్యత్వం తేల్చేందుకంటూ చేసే పరీక్షలు ఆపాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ, మరికొన్ని ఐక్యరాజ్యసమితి సంస్థలు 2018లో కోరాయి. అత్యాచార కేసుల్లో యోనిలో వేళ్ళు పెట్టి చూసే "రెండు వేళ్ళ పరీక్ష" చేసేవాళ్ళు దుష్ప్రవర్తనకు పాల్పడినట్టేనని మన సుప్రీంకోర్టు 2022 అక్టోబర్ 31న చెప్పింది.

ఈ నమ్మకంలో రెండో ప్రమాదం కూడా ఉంది. రక్తం రావడమే సహజమనుకునే ఇంట్లో, రక్తం ధారగా కారుతున్నా "మొదటిసారి అంతే" అని సర్దిచెబుతారు. రెండు మూడు చుక్కలొచ్చి ఆగిపోతే కంగారు అక్కర్లేదు. గంటలో ఒక ప్యాడ్ తడిసిపోతున్నా, గడ్డలుగా పడుతున్నా, కళ్ళు తిరుగుతున్నా అది యోని గోడ చిరగడం కావచ్చు. ఎక్కువగా లోపల, గర్భాశయ ముఖద్వారం వెనకవైపు చిరుగుతుంది. అక్కడ కుట్లు వేయాల్సి రావచ్చు. బయటికి కనబడని గాయం కాబట్టి ఇంట్లో ఎవరూ అంచనా వేయలేరు. బిడ్డకు పాలిచ్చే తల్లులకు, నెలసరి ఆగిపోయినవాళ్ళకు ఈస్ట్రోజెన్ అనే హార్మోను తక్కువగా ఉంటుంది. యోని లోపలి పొర పలచబడి పొడిబారుతుంది కాబట్టి చిన్న ఒరిపిడికే నొప్పి, రక్తం వస్తాయి. దీనికి జెల్స్ ఉన్నాయి, డాక్టరు రాసిచ్చే ఈస్ట్రోజెన్ క్రీములున్నాయి. వయసైపోయింది కదా అని నోరు మూసుకుని భరించాల్సిన పని లేదు. ఒక్క జాగ్రత్త: కండోమ్ వాడేవాళ్ళు కొబ్బరినూనె రాయకూడదు. లేటెక్స్ రబ్బరును నూనె నిమిషాల్లో బలహీనం చేస్తుంది, కండోమ్ చిరుగుతుంది. నీటితో చేసిన జెల్ అయితే ఇబ్బంది లేదు.

కలిసిన ప్రతిసారీ తర్వాత కాస్త రక్తం కనబడుతుంటే అది గాయం కాకపోవచ్చు. ఇన్‌ఫెక్షన్, చిన్న కండ పెరగడం లాంటి మామూలు కారణాలే కావచ్చు. అయితే గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ తొలి గుర్తుల్లో ఇదీ ఒకటి కాబట్టి గైనకాలజిస్టుకు చూపించుకోవాలి. కలయిక తర్వాత పొత్తికడుపులో ఒక పక్క హఠాత్తుగా పోటు పుడితే అండాశయంలోని నీటిబుడగ పగిలి ఉండొచ్చు. నెలసరి తప్పినవాళ్ళలో అలాంటి నొప్పి గర్భసంచిలో కాకుండా, అండం వచ్చే ఫలోపియన్ నాళంలో నిలిచిన గర్భానిది కూడా కావచ్చు. నొప్పితో పాటు కళ్ళు తిరిగితే గ్యాస్ అనుకుని సోడా తాగించకుండా ఆసుపత్రికి తీసుకెళ్ళాలి.

కొత్తగా పెళ్ళైన అమ్మాయికి మూత్రంలో మంట వస్తే మన ఇళ్ళలో "వేడి చేసింది" అంటారు. సబ్జా నీళ్ళు, బార్లీ, పల్చటి మజ్జిగ ఇస్తారు. వెనకటికి ఇంగ్లిష్‌లో దీన్ని "హనీమూన్" మూత్రాశయ వాపు అనేవాళ్ళు. కారణం వేడి కాదు, ఈ.కోలై అనే పేగుల బాక్టీరియా. ఆడవాళ్ళ మూత్రనాళం పొడవు దాదాపు 4 సెంటీమీటర్లే, మగవాళ్ళది 20 దాకా ఉంటుంది. కలయికలో ఒరిపిడికి మలద్వారం దగ్గరుండే బాక్టీరియా ఆ చిన్న దారిలో సులువుగా పైకి చేరుతుంది. ఇందులో అమ్మాయి శుభ్రత తప్పూ లేదు, అబ్బాయి నడవడిక తప్పూ లేదు. శరీర నిర్మాణమే అంత.

నీళ్ళు ఇవ్వడం మాత్రం మన పెద్దవాళ్ళు సరిగ్గా పట్టుకున్నారు. 2018లో అచ్చైన ఒక పరిశోధనలో, తరచూ ఈ మంట వచ్చే 140 మంది స్త్రీలలో సగం మందిని రోజూ మామూలుకన్నా లీటరున్నర నీళ్ళు ఎక్కువ తాగమన్నారు. ఏడాదిలో వాళ్ళకు ఇన్‌ఫెక్షన్లు దాదాపు సగానికి తగ్గాయి. కలయిక తర్వాత మూత్రానికి వెళ్ళిరమ్మని డాక్టర్లు చెబుతారు. అది ఎంత పనిచేస్తుందో గట్టి రుజువులు లేవు గానీ నష్టమైతే లేదు. సరైన టాయిలెట్ లేక నీళ్ళే తాగడం మానేసే ఉద్యోగినులకు, కాలేజీ అమ్మాయిలకు నీళ్ళు తాగమని ఉచితంగా సలహా ఇవ్వడం నాకే ఇబ్బందిగా ఉంటుంది. ఒకసారి ఇన్‌ఫెక్షన్ వచ్చాక మజ్జిగతో సరిపెట్టుకోకుండా మూత్ర పరీక్ష చేయించుకుని మందులు వాడాలి. చలిజ్వరం, వీపు పక్కన నొప్పి, వాంతులు మొదలయ్యాయంటే బాక్టీరియా కిడ్నీ దాకా వెళ్ళినట్టు. అప్పుడు ఆ రోజే ఆసుపత్రికి వెళ్ళాలి.

స్తంభన నాలుగు గంటలు దాటినా తగ్గకపోవడం కూడా ఎమర్జెన్సీయే. లోపలికి వెళ్ళిన రక్తం బయటికి రాక ప్రాణవాయువు అయిపోయి కణజాలం చచ్చిపోతుంది. సికిల్ సెల్ జబ్బున్న మగవాళ్ళలో ఇది ఎక్కువ. కొడవలిలా వంగిన ఎర్రకణాలు రక్తం బయటికొచ్చే దారికి అడ్డుపడతాయి. మన ఆదిలాబాద్ అడవుల్లోనూ, అల్లూరి సీతారామరాజు జిల్లా మన్యంలోనూ గిరిజన కుటుంబాల్లో ఈ జబ్బు ఉంది. 2047 నాటికి దాన్ని లేకుండా చేయాలని కేంద్రం 2023 జులై 1న ఒక మిషన్ మొదలుపెట్టింది. ఊళ్ళలో పరీక్షలు చేసి కార్డులిచ్చే సిబ్బంది ఒళ్ళునొప్పులు, రక్తహీనతతో పాటు ఈ లక్షణం గురించి కూడా మగవాళ్ళకు విడిగా చెప్పాలి. సూదితో రక్తం తీసి, మందు ఎక్కించి తగ్గించగలిగే బాధ ఇది. ఎవరికీ చెప్పుకోలేక ఒక రాత్రంతా భరిస్తే మనిషి స్తంభన శక్తినే శాశ్వతంగా కోల్పోవచ్చు.

దెబ్బ ప్రమాదవశాత్తూ తగిలింది కాకపోవచ్చు. ఇష్టం లేకుండా బలవంతంగా జరిగినదైతే, చేసింది ఎవరైనా సరే, గాయానికి వైద్యం ముందు. లైంగిక దాడి బాధితులకు ప్రభుత్వ, ప్రైవేటు ఆసుపత్రులన్నీ వెంటనే ఉచితంగా చికిత్స చేయాలని భారతీయ నాగరిక్ సురక్షా సంహిత అనే చట్టంలోని 397వ సెక్షన్ చెబుతోంది. హెచ్‌ఐవీ సోకకుండా ఇచ్చే మందులు 72 గంటల్లోపే మొదలుపెట్టాలి, ఎంత త్వరగా అయితే అంత మేలు, 28 రోజులు వాడాలి. గర్భం రాకుండా వేసుకునే మాత్రకూ తొందర అవసరమే. మహిళల హెల్ప్‌లైన్ నంబరు 181.

ఇక గుండె. ఒకసారి గుండెపోటు వచ్చినవాళ్ళు కలయిక అంటేనే భయపడతారు. భార్య ఇంకా ఎక్కువ భయపడుతుంది. స్థిరంగా ఉన్న గుండెకు అది రెండు అంతస్తుల మెట్లు చకచకా ఎక్కినంత శ్రమ. మొత్తం గుండెపోట్లలో కలయిక వల్ల వచ్చేవి నూటికి ఒకటికన్నా తక్కువేనని అమెరికన్ హార్ట్ అసోసియేషన్ 2012 నివేదికలో ఉంది. మెట్లెక్కితే ఛాతీలో పట్టేస్తుంటే మాత్రం ముందు డాక్టరును కలవాలి. కలయిక సమయంలో తల పగిలిపోయేంత నొప్పి పిడుగుపడ్డట్టు మొదటిసారి వస్తే కూడా అంతే. మెదడులో రక్తనాళం చిట్లలేదని స్కానింగ్ తీసి తేల్చుకోవాలి.

గుండె విషయంలో నాకు ఎక్కువ భయం స్తంభన కోసం వేసుకునే మాత్రల మీదే. అలాంటి మాత్రల్లో ఒకటైన సిల్డెనాఫిల్‌కు అమెరికాలో 1998 మార్చిలో అనుమతి దొరికింది. మన దగ్గర చీటీ ఉంటేనే ఇవ్వాలి గానీ అడిగితే ఇచ్చే షాపులకు కొదవ లేదు. ఛాతీనొప్పికి నాలుక కింద పెట్టుకునే సార్బిట్రేట్ మాత్ర శరీరంలో నైట్రిక్ ఆక్సైడ్ పెంచి, రక్తనాళాలను వదులు చేసే ఒక రసాయనాన్ని తయారుచేయిస్తుంది. ఆ రసాయనం విరిగిపోకుండా సిల్డెనాఫిల్ ఆపుతుంది. ఒకటి కుళాయి తిప్పితే ఇంకొకటి తూము మూసేసినట్టు. రెండూ కలిస్తే బీపీ ఒక్కసారిగా కుప్పకూలి ప్రాణం పోవచ్చు. సిల్డెనాఫిల్ వేసుకున్నాక 24 గంటలు, అదే జాతి మాత్ర టడలాఫిల్ వేసుకున్నాక 48 గంటలు సార్బిట్రేట్ జాతి మందులేవీ వాడకూడదు. రోజూ సార్బిట్రేట్ లాంటివి వాడేవాళ్ళు ఈ మాత్రల జోలికే వెళ్ళకూడదు. మూలికల మందు కదా అని ధైర్యపడటానికీ లేదు. శక్తి పెంచుతామని అమ్మే "హెర్బల్" క్యాప్సూల్స్‌లో చెప్పకుండా కలిపిన సిల్డెనాఫిల్‌ను అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఎన్నోసార్లు పట్టుకుంది.

ఇది ఇంట్లో ఎలా జరుగుతుందో ఊహించండి. ఆయన మాత్ర వేసుకున్న సంగతి భార్యకు తెలియదు. ఛాతీలో నొప్పి మొదలవుతుంది. ఆమె అమ్మకు వాడే సార్బిట్రేట్ డబ్బా అలమారలో ఉంటే పరుగున తెస్తుంది. ప్రేమతో చేసిన ఆ పనే ఆయన్ను చంపేయగలదు. 108 వాళ్ళు వచ్చినా, ఆసుపత్రిలో డాక్టరు వచ్చినా, నాలుక కింద ఏదైనా పెట్టేముందే ఆ మాత్ర సంగతి చెప్పాలి. పదిమంది ముందు నోరు రాకపోతే, మాత్రల స్ట్రిప్ తీసి వాళ్ళ చేతిలో పెట్టి ఎన్నింటికి వేసుకున్నారో వేళ్ళతో చూపించండి.