నాన్న ఉద్యోగం ఆస్తిలో వాటా కాదు: కారుణ్య నియామకాలపై అపోహలు, వాస్తవాలు

హైకోర్టులో లాయర్‌ని, ప్రభుత్వ ఉద్యోగుల సర్వీసు కేసులు చూస్తాను. కారుణ్య నియామకం, అంటే ఉద్యోగి చనిపోతే ఆ ఇంట్లో ఒకరికిచ్చే ఉద్యోగం, దానికోసం వచ్చేవాళ్ల చేతిలో దాదాపు ఎప్పుడూ బట్టల షాపు కవరే ఉంటుంది. అందులో డెత్ సర్టిఫికెట్, తహసీల్దార్ ఇచ్చిన ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్, జిరాక్సుకి జిరాక్సు తీసి అక్షరాలు అలుక్కుపోయిన అర్జీ. నేను ముందు చూసేది చనిపోయిన తేదీ. ఆ తర్వాత అర్జీ మీద ఇన్‌వర్డ్ ముద్ర, అంటే అది ఆఫీసుకి అందిన తేదీ. ఆ రెండిటికీ మధ్య ఎన్నేళ్లున్నాయో చూస్తే సగం కేసు అక్కడే తేలిపోతుంది.

అపోహ: బాబుకి 18 నిండాక అడగొచ్చు. ఉద్యోగం ఎక్కడికి పోతుంది?

పోతుంది. ఎక్కువ కుటుంబాలు దెబ్బతినేది ఇక్కడే. ఉమ్మడి రాష్ట్రం నాటి నుంచి వస్తున్న నిబంధన ప్రకారం ఉద్యోగి చనిపోయిన ఏడాదిలోపు దరఖాస్తు చేయాలి. పిల్లలు మైనర్లయితే, చనిపోయిన తేదీ నుంచి రెండేళ్లలోపు 18 నిండాలి. పదహారు దాటిన పిల్లాడికి ఇది పనికొస్తుంది, తొమ్మిదేళ్ల పిల్లాడికి పనికిరాదు.

హర్యానాలో ఒక కానిస్టేబుల్ 1997లో డ్యూటీలో చనిపోయాడు. అప్పటికి కొడుక్కి ఏడేళ్లు. తల్లి పిల్లాడి పేరు నమోదు చేయించి ఎదురుచూసింది. 2008లో అతను మేజరై ఉద్యోగం అడిగితే గడువు దాటిందన్నారు. 2024 నవంబరులో సుప్రీంకోర్టూ అదే మాట చెప్పింది. తల్లి ఎక్స్‌గ్రేషియా (ఆర్థిక సాయం) కోసం అర్జీ పెట్టుకునే వీలు మాత్రం మిగిల్చింది.

అందుకే తల్లులతో గొడవపడతాను. "పదో తరగతి చదివినదాన్ని, నాకేం ఉద్యోగం మేడం, బాబు చేస్తాడులెండి" అంటారు. "అమ్మా, అటెండర్ పోస్టుకి మీ చదువు చాలు, ఈ నెలలోనే పెట్టండి" అంటాను. ఆఫీసులో ఎవరో "తొందరేముందమ్మా, బాబు పెద్దయ్యాక చూద్దాం" అని ఓదార్చి ఉంటారు. మంచి మనసుతోనే అని ఉండొచ్చు. కానీ ఆ మాట ఏ ఫైల్లోనూ ఉండదు.

అపోహ: నాన్న ఉద్యోగం వారసత్వంగా మాకు రావాలి.

రాజ్యాంగంలోని 14, 16 అధికరణాల ప్రకారం ప్రభుత్వ ఉద్యోగానికి అర్హులైన అందరూ పోటీ పడొచ్చు. దానికి కారుణ్య నియామకం ఒక మినహాయింపు. సంపాదించే మనిషి హఠాత్తుగా పోతే ఇల్లు కూలిపోకుండా ఆపడమే దీని ఉద్దేశమనీ, అది కూడా మూడు, నాలుగో తరగతి (గుమాస్తా, అటెండర్ లాంటి) పోస్టుల వరకేననీ సుప్రీంకోర్టు 1994లోనే చెప్పింది.

సింగరేణి సంగతి మన వాళ్లకు గుర్తుండే ఉంటుంది. అక్కడి వారసత్వ ఉద్యోగాల పథకాన్ని 2017లో ఉమ్మడి హైకోర్టు కొట్టేసింది, సుప్రీంకోర్టు కూడా జోక్యం చేసుకోలేదు. ఆ తర్వాత అక్కడే, జబ్బుతో పనికి అనర్హులైన కార్మికుల కుటుంబాలకు కారుణ్య నియామకాలు మొదలయ్యాయి. మారింది పేరొక్కటే అనుకుంటే పొరపాటు. మొదటిదానికి తండ్రి ఉద్యోగంలో ఉంటే చాలు, రెండోదానికి ఇంట్లో కష్టం ఉండాలి.

అపోహ: మనిషి చనిపోతేనే ఇస్తారు.

మెడికల్ ఇన్‌వాలిడేషన్ కింద, అంటే జబ్బుతో ఉద్యోగానికి పనికిరాకుండా పోయి రిటైరైనా ఇస్తారు. అది చెల్లదని మన హైకోర్టు ఒక దశలో అంటే, 2008లో సుప్రీంకోర్టు ఆ తీర్పును తిప్పేసి చావుకీ దీనికీ తేడా చూపకూడదంది. నన్నడిగితే మంచం మీదున్న మనిషిని చూసుకుంటూ బతకాల్సిన ఇంటికి ఖర్చు ఇంకా ఎక్కువ. అయితే రిటైర్మెంట్‌కి కనీసం అయిదేళ్ల సర్వీసు మిగిలి ఉండాలన్న షరతును కోర్టు సమర్థించింది. చివరి ఏడాదిలో అన్‌ఫిట్ సర్టిఫికెట్ తెచ్చేవాళ్లు ఈ షరతు దగ్గరే ఆగిపోతారు.

అపోహ: పెళ్లయిన కూతురికి రాదు.

1999 నాటి జీవో 350 ప్రకారం రావచ్చు. కాకపోతే ఆమె ఒక్కతే సంతానం కావాలి, చనిపోయిన ఉద్యోగి మీద ఆధారపడి ఉండాలి, తల్లి తనకొద్దనాలి. ఇక రెండో భార్య పిల్లలని చెప్పి తోసిపుచ్చడం కుదరదని 2018లో రైల్వే ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు తేల్చింది.

అపోహ: హైకోర్టులో కేసు వేస్తే ఉద్యోగం వచ్చేసినట్టే.

ఈ మాట చెప్పి ఫీజు తీసుకునేవాళ్లూ ఉన్నారు, మా వృత్తిలోనే. జాలితో ఉద్యోగాలు ఇప్పించకూడదని ఎల్‌ఐసీ కేసులో 1994లోనే సుప్రీంకోర్టు హైకోర్టులను హెచ్చరించింది. మామూలుగా వచ్చే ఆర్డరు ఒకటే: అర్జీని నిబంధనల ప్రకారం పరిశీలించి, ఇన్ని వారాల్లో కారణాలతో నిర్ణయం చెప్పండి. తిరస్కరణకు సరైన కారణం లేకపోతే కోర్టు దాన్ని కొట్టేసి మళ్లీ చూడమంటుంది. రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ ఉద్యోగుల కేసులు వినే అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్ ఇప్పుడు లేదు కాబట్టి రాష్ట్ర ఉద్యోగుల కుటుంబాలు నేరుగా హైకోర్టులో రిట్ వేయాలి. కేంద్ర ఉద్యోగులవైతే క్యాట్‌కి (కేంద్ర అడ్మినిస్ట్రేటివ్ ట్రిబ్యునల్‌కి) వెళ్లాలి.

అలాగని కోర్టు చేతులు ముడుచుకుని కూర్చోదు. 1982లో భర్తను పోగొట్టుకున్న ఒకావిడ క్లర్కు పోస్టుకి పరీక్ష పాసైనా ఆఫీసు ఏళ్ల తరబడి తిప్పింది. ఇలాంటి వాటిలో ఆలస్యమే ఉండకూడదనీ, ఖాళీ లేకపోతే సూపర్‌న్యూమరరీ (మంజూరైన వాటికి అదనపు) పోస్టు సృష్టించైనా ఇవ్వాలనీ 1989లో సుప్రీంకోర్టు అంది. కోర్టుకి వచ్చిన ప్రతి ఇంటికీ ఆ అదృష్టం దక్కలేదు. 2023లో పశ్చిమ బెంగాల్ మున్సిపాలిటీ కేసులో, ఇన్నేళ్లు ఎలాగోలా బతికిన కుటుంబానికి ఇక తక్షణ అవసరం ఏముందన్నట్టుగా తీర్పు వచ్చింది. ఆ తర్కం చట్టం ప్రకారం సరైనదే కావచ్చు, నాకు మాత్రం మింగుడుపడదు. ఎలాగోలా అన్న మాటలో చదువు మానేసిన పిల్లలుంటారు, తాకట్టులో పోయిన పుస్తెలుంటాయి.

కాబట్టి అర్జీ ఇచ్చేటప్పుడు రెండో కాపీ తీసుకెళ్లండి. దాని మీద ఇన్‌వర్డ్ నంబరు, తేదీ, ముద్ర వేయించుకోండి. వెయ్యం అంటే అదే రోజు స్పీడ్ పోస్టులో పంపి, రసీదుని ఆ బట్టల షాపు కవర్లోనే భద్రంగా పెట్టండి.