జింకకు వేసిన ఉచ్చు, చిక్కేది గొరిల్లా

హన్మకొండ హంటర్ రోడ్డులోని కాకతీయ జంతు ప్రదర్శనశాలలో గొరిల్లా లేదు. దాన్ని చూడాలంటే 2021లో జర్మనీ నుంచి రెండు మగ గొరిల్లాలను తెప్పించుకున్న మైసూరు దాకా పోవాలి. కోతుల గుంపులకు జడిసి మక్క, పల్లి వేయడమే మానుకున్న రైతులున్న మన జిల్లాల్లో గొరిల్లాను ‘పెద్ద కోతి’ అని చెబితే ఎవరికీ దానిమీద సానుభూతి పుట్టదు. అది కోతి కాదు, చింపాంజీలా తోక లేని వానరం (ఏప్). దాని ప్రాణం తీస్తున్న సాధనం మాత్రం ఏటూరునాగారం అడవి అంచు ఊళ్లకు కొత్తది కాదు: అది ఉచ్చు.

పడమటి ఆఫ్రికాలో దొరికిన పుర్రెల ఆధారంగా 1847లో గొరిల్లాను శాస్త్రీయంగా వర్ణించారు. పర్వత గొరిల్లా సంగతి బయటి లోకానికి 1902లో, జర్మన్ సైనికాధికారి బెరింగే రెండింటిని కాల్చి చంపినప్పుడు గాని తెలియలేదు. చంపినవాడి పేరే ఆ జాతికి శాస్త్రీయ నామంగా స్థిరపడింది. 1921లో మ్యూజియం కోసం గొరిల్లాలను వేటాడిన కార్ల్ ఏక్‌లీ ఆ తర్వాత మనసు మార్చుకుని, అప్పట్లో ఆ ప్రాంతాన్ని ఏలుతున్న బెల్జియం రాజును ఒప్పించగా, 1925లో రువాండా, ఉగాండా, కాంగో సరిహద్దుల్లోని విరుంగా అగ్నిపర్వతాల మీద జాతీయవనం ఏర్పడింది.

వనం ఏర్పడినా దాని హద్దులు నిలవలేదు. రువాండా వైపు 1960ల చివర సుమారు 10,000 హెక్టార్ల అడవిని పురుగుమందు తయారీకి పనికొచ్చే పైరెత్రం పూల సాగుకు ఇచ్చేశారు. చేలు అడవిలోకి చొచ్చుకొచ్చాయి, వాటి వెంట ఉచ్చులూ వచ్చాయి. 1967లో అక్కడ పరిశోధనా కేంద్రం నెలకొల్పిన డయాన్ ఫాసీ వాటిని తెంపించే పనికే చాలా కాలం వెచ్చించారు. 1985లో ఆమె హత్యకు గురయ్యారు.

ఆ ఉచ్చు పనితీరు తెలిస్తే గాని సమస్య అర్థం కాదు. వంచిన వెదురుకు తీగ ముడి కట్టి ఆకులతో కప్పుతారు. కాలు పడగానే వెదురు పైకి లేచి ముడి బిగుస్తుంది. దాన్ని వేసేది చిన్న జింక కోసమే, మన దగ్గర అడవిపందికి వేసినట్టు. పెద్ద గొరిల్లా బలంగా లాక్కుని తప్పించుకోవచ్చు గాని, పిల్లకు చేయి పోతుంది, ఒక్కోసారి పుండు ముదిరి ప్రాణమే పోతుంది. 2012లో రువాండాలో ఒక పిల్ల ఇలాగే చనిపోయిన కొద్ది రోజులకు, అదే గుంపులోని నాలుగేళ్ల పిల్లలు రెండు ఉచ్చులను స్వయంగా విప్పి పడేయడం సిబ్బంది కళ్లారా చూశారు.

ఒక్క పిల్ల పోయినా గుంపుకు పెద్ద నష్టమే. గర్భం ఎనిమిదిన్నర నెలలు. కాన్పుకూ కాన్పుకూ మధ్య దాదాపు నాలుగేళ్లు. పన్నెండేళ్లు దాటాక వీపు వెండిరంగుకు తిరిగే మగదే గుంపుకు పెద్ద. ఎటు మేతకు పోవాలో, సాయంత్రం ఎక్కడ ఆకుల పడక పరచుకోవాలో దాన్ని బట్టే సాగుతుంది. అది గుండెలు బాదుకోవడం ఉత్త కోపం కాదు, ఆ శబ్దాన్ని బట్టి దాని దేహ పరిమాణం అవతలివాటికి తెలిసిపోతుంది.

1980ల ఆరంభంలో విరుంగాలో సుమారు 250కి పడిపోయిన పర్వత గొరిల్లాలు, ఉగాండాలోని బ్విండి అడవిని కలిపి ఇప్పుడు వెయ్యి దాటాయి. మైదానపు గొరిల్లాలకు ఈ అదృష్టం పట్టలేదు: పడమట ఎబోలా వ్యాధి, మాంసపు వేట, తూర్పున యుద్ధాలు, గనులు. రువాండా 2017లో గొరిల్లాలను చూడటానికి ఒక్కో సందర్శకుడి అనుమతి రుసుమును 1,500 డాలర్లు చేసి, పర్యాటక ఆదాయంలో చుట్టుపక్కల ఊళ్ల వాటాను 5 నుంచి 10 శాతానికి పెంచింది. అయినా అక్కడ కాపలా జట్లు నేటికీ అడవి గాలించి ఉచ్చులు ఏరుతూనే ఉన్నాయి.