బైబిల్లో పాము కనిపించిన చోటల్లా సాతానేనా? కొన్ని అపోహలు, వాస్తవాలు

పోయిన వారం రాత్రి పదిన్నరకి ఒకావిడ ఫోన్ చేసింది. "అయ్యగారూ, వంటింట్లో బియ్యం బస్తా వెనక పాము కనపడింది, ఇంటి మీద శాపం ఉందంటున్నారు, పిల్లలకేమైనా అవుద్దేమోనని నిద్ర పట్టట్లేదు" అని ఏడుస్తోంది. ఏ పామమ్మా అనడిగితే జెర్రిపోతు. అది ఎలుకల కోసం వస్తుంది. కానీ అప్పటికే ఎవరో ఆదికాండం 3వ అధ్యాయం చదివి వినిపించి, సాతాను ఇంట్లో అడుగుపెట్టాడని చెప్పి, ప్రత్యేక ప్రార్థనకి ఐదు వేలు అడిగి వెళ్లారట.

హీబ్రూ పాత నిబంధన పాఠం చెప్పుకుంటూ బతుకుతున్నవాణ్ణి. ఇలాంటి ఫోన్లు ఎన్నొచ్చాయో లెక్కలేదు. పాము కలలోకి వచ్చిందని ఒకరు, గర్భిణికి ఎదురైందని ఇంకొకరు. వాళ్ల మీద నాకు కోపం లేదు, భయం వేసినప్పుడు ఎవరికైనా టెన్షనే. ఆ భయాన్ని పెంచేవాళ్ల మీదే నా కోపమంతా.

అపోహ: హీబ్రూ లేఖనాల్లో పాము అంటే సాతానే.

ఆదికాండం 3వ అధ్యాయం మొత్తం వెతకండి, సాతాను అనే మాట ఒక్కసారి కూడా లేదు. అక్కడున్నది "నాహాష్", అంటే మామూలుగా పాము. దేవుడు చేసిన భూజంతువుల్లో అదొకటని మొదటి వచనమే చెబుతోంది. "ఆదిసర్పము" సాతానని ముడిపెట్టింది ప్రకటన 12:9, అది కొత్త నిబంధనలో గ్రీకులో రాసిన మాట. ఆ ముడిని క్రైస్తవుడిగా నేనూ నమ్ముతాను, కానీ దాన్ని పట్టుకుని హీబ్రూ గ్రంథంలోని ప్రతి పాముకీ, మన వంటింట్లోకొచ్చిన జెర్రిపోతుకీ అంటగడితే అది వాక్యం కాదు, పుకారు.

ఇంకోటి చూడండి. పాము "యుక్తిగలదై" అని మన తెలుగు బైబిల్లో ఉందే, ఆ మాట హీబ్రూలో "అరూమ్". సామెతలు 22:3లో అపాయం రావడం చూసి దాక్కునే బుద్ధిమంతుడికి వాడింది కూడా ఇదే మాట. ఒక చోట మోసానికి పనికొచ్చిన తెలివి, ఇంకో చోట మెచ్చుకోదగ్గ తెలివి. పేర్ల సంగతికొస్తే, దావీదు పూర్వీకుల్లో నయస్సోను ఉన్నాడు, అహరోను బావమరిది. ఆ పేరు "నాహాష్" నుంచి వచ్చిందే. పాము పేరెత్తితేనే శాపమైతే యూదా గోత్రపు పెద్దకి ఆ పేరు పెట్టుకునేవాళ్లా?

మరి ఇంట్లోకొచ్చిన పాము గురించి ఏమైనా ఉందా? ఉంది, ఆమోసు 5:19. ఒకడు ఇంటికొచ్చి గోడ మీద చెయ్యేస్తే పాము కరుస్తుంది. రాళ్లూ మట్టీ పేర్చిన గోడల సందుల్లో పాములుండటం ఆ ఊళ్లవాళ్లకి తెలిసిన సంగతి కాబట్టి ప్రవక్త దాన్ని ఉపమానంగా వాడాడు. తీర్పు దినం నుంచి తప్పించుకోలేరని చెప్పడం ఆయన ఉద్దేశం, ఆ ఇంటికి శాపముందని కాదు.

అపోహ: ఇత్తడి సర్పాన్ని చూస్తే బతికారు కదా, పాము కరిస్తే విశ్వాసం ఒక్కటే చాలు, ఆసుపత్రి అక్కర్లేదు.

దీని గురించి రాయడానికే కూర్చున్నాను నిజానికి. కొన్నేళ్ల కిందట ఓ కుర్రాణ్ణి పొలం గట్టు మీద రక్తపింజర కరిస్తే, సంఖ్యాకాండం 21 (ఎడారిలో పాములు కరిచిన ఇశ్రాయేలీయులు మోషే చేయించిన ఇత్తడి సర్పాన్ని చూసి బతికిన కథ) చదువుతూ రెండు గంటల పైనే ప్రార్థనలో కూర్చోబెట్టారు. బతికాడు గానీ కిడ్నీలు దెబ్బతిని నెలల తరబడి డయాలసిస్ కోసం తిరిగాడు. వాళ్లమ్మ నా చెయ్యి పట్టుకుని, "మా విశ్వాసం చాల్లేదా అయ్యగారూ?" అనడిగింది. చాలకపోవడం కాదమ్మా, మీకు వాక్యం సగమే చెప్పారు అన్నాను.

మిగతా సగం 2 రాజులు 18:4లో ఉంది. మోషే చేయించిన ఆ "నెహష్ నెహోషెత్"కే (ఇత్తడి సర్పానికి హీబ్రూ మాట, పైకి చదివితే పాము బుసకొట్టినట్టే ఉంటుంది, క్లాసులో పిల్లలు ఈ మాట మర్చిపోరు) వందల ఏళ్ల తర్వాత జనం ధూపం వేస్తుంటే, క్రీ.పూ. 8వ శతాబ్దం చివర్లో యూదా రాజు హిజ్కియా దాన్ని ముక్కలు చేశాడు. బతికించింది ఆ లోహం కాదు. యూదుల మిష్నాలో (పాతకాలపు యూదు గురువుల బోధల సంకలనం) కూడా ఇదే ప్రశ్న ఉంది: చంపేది పామా, బతికించేది పామా? కాదు, ఇశ్రాయేలీయులు పైకి చూసి పరలోకమందున్న తండ్రికి హృదయాలు లోబరచినప్పుడు బాగుపడ్డారు అని జవాబు.

ఆ హిజ్కియాకే జబ్బు చేసి చావు దాకా వెళ్లినప్పుడు ఏం జరిగిందో రెండు అధ్యాయాల తర్వాత చదవండి. ఏడ్చి ప్రార్థన చేశాడు, దేవుడు విన్నాడు, అయినా యెషయా ప్రవక్త అంజూరపు పండ్ల ముద్ద తెప్పించి కురుపు మీద వేయించాడు. ప్రార్థనా, మందూ రెండూ ఒకే గదిలో జరిగాయి. కాబట్టి పాము కరిస్తే 108కి ఫోన్ చేయండి, విషానికి విరుగుడు ఇంజెక్షన్ ఉన్న ఆసుపత్రికి వెళ్లండి, దారిలో ఎంతైనా ప్రార్థించండి. కోయడం, నోటితో పీల్చడం, గట్టిగా కట్టు బిగించడం వద్దు.

మిగతావి గబగబా. మందుల షాపు బోర్డు మీద కర్రకి చుట్టుకున్న పాము మోషేది కాదు, గ్రీకుల వైద్య దేవుడు అస్క్లేపియస్‌ది. అహరోను కర్ర ఫరో ముందు మారింది "నాహాష్"గా కాదు, "తన్నీన్"గా. అదే మాటని ఆదికాండం 1:21లో మనవాళ్లు "మహా మత్స్యములు" అన్నారు. హీబ్రూలో ప్రతి అక్షరానికీ ఒక అంకె విలువ ఉంటుంది, ఆ లెక్కన "నాహాష్", "మషీయాహ్" (మెస్సీయ) రెండింటి అక్షరాల విలువ 358 అన్నది నిజమే, కానీ లెక్క కుదిరిందని దాని మీద సిద్ధాంతం కట్టకండి.

ఆ రాత్రి ఆవిడకి ఆమోసు వచనం చదివి వినిపించి, డబ్బు ఇవ్వొద్దని చెప్పి, చిన్న ప్రార్థన చేశాను. మొన్న మళ్లీ ఫోన్ చేసింది. గ్యాస్ బండ వెనక గోడకి కన్నం ఉందట, వాళ్లాయన సిమెంటు పెట్టి పూడ్చాడట, బియ్యం బస్తా బల్ల మీదకి మార్చారట.